తువ్వాలు వేసిన సీటు

మా అమ్మాయి ఫోను తెచ్చి నా ముఖం ముందు పెట్టింది. "బుక్ చేసేశానమ్మా. శనివారం నువ్వూ అత్తయ్యా వెళ్ళి కొండలు చూసి రండి. ఆకులన్నీ రంగులు తిరిగాయి. పెద్ద బస్సు, గైడ్ ఉంటాడు. మీరు చేయాల్సిందేం లేదు, కూర్చుని చూడటమే" అంది.

నాకు కొండలు అక్కర్లేదు. నాకు నిద్ర కావాలి. ఆ మాటే అందామనుకున్నాను. కానీ ఆ సమయానికి పసిది నా చంకలో ఉంది, నా కళ్ళజోడు తాడు దాని నోట్లో ఉంది, పొయ్యి మీద పప్పు పొంగుతోంది. అన్నీ సర్దుకుని తలెత్తేసరికి అమ్మాయి మీటింగ్ అని తలుపేసుకుంది. సరేనన్నట్టే అయింది.

ఎండలు ముదరక ముందు వచ్చాను అమెరికాలో ఈ మోరిస్‌విల్‌కి. ఇక్కడి మా తెలుగు ఇళ్ళలో ఒక పద్ధతి నడుస్తోంది. అమ్మమ్మ ఆర్నెల్లు, నానమ్మ ఆర్నెల్లు. ఆస్పత్రిలో డ్యూటీ మారే నర్సుల్లాగా ఒకరు దిగుతుంటే ఇంకొకరు ఎక్కుతారు. మధ్యలో కొద్ది రోజులు ఇద్దరూ ఒకే ఇంట్లో ఉంటారు, పని ఒప్పజెప్పుకోవడానికి. పసిది ఏ గిన్నెలో పెడితే తింటుంది, ఏ బొమ్మ లేకపోతే నిద్రపోదు, ఏ ఏడుపుకి పట్టించుకోవాలి, ఏ ఏడుపుని వదిలేయాలి, ఇదీ ఒప్పజెప్పడం అంటే. పోయినసారి కూడా నేనే వచ్చాను, ఈసారీ నేనే వచ్చాను. ఇప్పుడు అల్లుడి తల్లి వచ్చింది. నా తిరుగు టిక్కెట్టు వచ్చే వారానికి ఉంది.

మా పిల్లలిద్దరూ ఆఫీసులో కలుసుకుని చేసుకున్నారు. మాది ఒంగోలు, వాళ్ళది కరీంనగర్ దగ్గర. మా వియ్యపురాలు బడిలో టీచరుగా చేసి రిటైరైంది, ఇంగ్లీషు వచ్చు. నాకు తెలుగు అక్షరాలే నలభై దాటాక వచ్చాయి. బస్టాండు దగ్గర కర్రీ పాయింటు పెట్టాక, ఆ రోజు కూరలేమిటో బోర్డు మీద రాసిపెట్టమని దారిన పోయేవాళ్ళని రోజూ బతిమాలలేక నేర్చుకున్నాను. గుత్తివంకాయ అని రాయడానికి నాకు ఒక వానాకాలం పట్టింది. ఆ కొట్టు ఇప్పుడు నాతో పనిచేసే ఆవిడ చూస్తోంది. ఫోన్ చేసినప్పుడల్లా "అక్కా, నీ చేతి గోంగూర ఏదని అడుగుతున్నారు, ఎప్పుడొస్తావు?" అంటుంది. ఒట్టి మాటే అయుండొచ్చు. అయినా ఆ మాట కోసమే ఫోన్ చేసేదాన్ని.

బస్సు ఎక్కే ముందురోజు సాయంత్రం వంటింట్లో అమ్మాయి నా పక్కకి వచ్చి గొంతు తగ్గించింది.

"అమ్మా, అత్తయ్యని చూస్తుంటే నాకు భయంగా ఉంది. ఊరికే కూర్చుని నిద్రపోతున్నారు. పాపని ఇచ్చినా తీసుకోవట్లేదు, పక్కన కూర్చోబెట్టమంటున్నారు. ఆవిడ వల్ల కాదేమో."

"నాలుగు రోజులేగా వచ్చి. నిద్ర తేలలేదు. నేను మాత్రం వచ్చిన కొత్తలో ఎట్లా ఉన్నాను?"

"అదే అయితే ఓకే. లేకపోతే నువ్వు ఇంకో ఆర్నెల్లు ఉండాలమ్మా. వీసా ఎక్స్‌టెన్షన్ ఫైల్ చేయాలంటే లాయర్‌కి ఆదివారం లోపు చెప్పాలి. రేపు రోజంతా ఆవిడ నీ పక్కనే ఉంటారు కదా, ఎట్లా ఉన్నారో చూసి సాయంత్రం నాకు చెప్పు. ఈయనతో నేను అనలేను. మా అమ్మ చేతకానిదా అంటాడు."

అప్పుడు అర్థమైంది నాకు ఆ టిక్కెట్లు ఎందుకు కొందో. సగం నన్ను బుజ్జగించడానికి, సగం నా చేత వియ్యపురాలిని తూకం వేయించడానికి. ఆవిడ తూగకపోతే నేను ఉండాలి. తూగితే నేను వెళ్ళొచ్చు. నా నడుము అప్పటికే మంచం దిగేటప్పుడు గోడ పట్టుకోమంటోంది. ఎట్లాగైనా సరే ఆవిడ తూగాలని మొక్కుకుని పులిహోర కలపడానికి లేచాను.

శనివారం పొద్దున్నే అల్లుడు కార్‌లో తెచ్చి ఒక పెద్ద షాపు ముందు పార్కింగ్‌లో దింపాడు. తెల్ల బస్సు నిలబడి ఉంది. తలుపు తెరిచే ఉంది. ఎవరూ ఎక్కలేదు. వదినగారు, అంటే మా వియ్యపురాలు, కారులోంచి దిగడమే మెల్లగా దిగుతోంది. నాకు బస్సు తలుపు కనబడితే కాళ్ళు ఆగవు. ఆర్టీసీ బస్సుల్లో ఏళ్ళ తరబడి తిరిగిన కాళ్ళు అవి. గబగబా ఎక్కి, తలుపు పక్కన మొదటి సీటు మీద నా తువ్వాలు పరిచి, దిగి వచ్చి ఆవిడ చెయ్యి పట్టుకున్నాను.

"సీటు ఆపాను వదినగారూ. ముందుదే. అద్దంలోంచి మొత్తం కనబడుతుంది."

"అబ్బ, మీతోని బయటికస్తె ఫికరే ఉండది ఒదినె" అంది ఆవిడ.

ఆవిడ నడకకి మేము మెట్టు మీద కాలు పెట్టేసరికి జనమంతా ఎక్కేశారు, ఆ సీట్లో ముసలి అమెరికా దంపతులు కూర్చుని ఉన్నారు. గైడ్ ముందు నిలబడి నా తువ్వాలుని రెండు వేళ్ళతో పైకెత్తి పట్టుకుని మైకులో ఏదో అడుగుతున్నాడు. అందరూ ఆ తువ్వాలు వైపు చూస్తున్నారు. పక్కన ఎరుపు గీతలు, ఒక మూల పసుపు మరక.

"ఏమంటున్నాడు?" అన్నాను.

వదినగారు చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. "పోయినసారి టూర్‌ల ఎవలో మర్సిపోయిన్రట. ఎవలదన్న ఉంటె తీసుకోండ్రి, లేకుంటె పోయిన సామాన్ల డబ్బల ఏస్త అంటున్నడు."

"అది సీటు ఆపిన తువ్వాలని చెప్పండి."

"గది ఇంగ్లీష్‌ల ఎట్ల జెప్పాలె ఒదినె? ముప్పై ఏండ్లు పాఠం జెప్పిన గని గీ ముక్క ఏ పుస్తకంల లేదు."

ఆవిడే వెళ్ళి నవ్వుతూ తువ్వాలు తీసుకుని వచ్చింది. అప్పటికి మిగతా సీట్లన్నీ నిండాయి. చివరి వరసలో, బాత్రూం గదిని ఆనుకుని రెండు మిగిలాయి.

"ఆడపిల్లోల్లు ఆపిన సీటు గిట్లనే ఉంటది" అంది ఆవిడ కూర్చుంటూ.

"మగపిల్లవాళ్ళు మెల్లగా నడిస్తే ఇట్లాగే ఉంటుంది" అన్నాను నేను.

ఇద్దరం నవ్వుకున్నాం. ఆ రోజు మొత్తానికి అదే మంచి నవ్వు.

కూర్చునే ముందు ఇంకో తతంగం నడిచింది. కిటికీ పక్కన ఎవరు? పిల్లల పెళ్ళయిన దగ్గర్నుంచీ ఏ సోఫాలో అయినా, ఏ పంక్తిలో అయినా మంచి చోటు ఆవిడదే. నేను ఆడపిల్ల తల్లిని. "మీరు కూర్చోండి" అన్నాను. "వద్దొద్దు, మీరే కూసోండ్రి" అంది. "అట్లా కాదు, మీరే" అన్నాను. మా వెనక నిలబడ్డ గైడ్‌కి ఏం అర్థమైందో, బస్సు కదలాలి అన్నట్టు గొంతు సవరించుకున్నాడు. ఆవిడ కిటికీ పక్కకి జరిగింది. బస్సు ఊరు దాటకముందే తల అద్దానికి ఆనించి నిద్రపోయింది.

మూడు గంటల దారి. నేను ఆవిడ తల మీదుగా చూశాను కొండల్ని. ముందు పెట్రోలు బంకులు, షాపులు, మళ్ళీ షాపులు. రోడ్డు పక్క పచ్చ బోర్డుల మీద, ఈమధ్యే పట్టుబడ్డ ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుంటుంటే ఒకటి చదివేలోపు దాటిపోయేది. నాకు ఆ స్పీడుకి చదవడం ఎప్పటికీ రాదు. కాసేపటికి ఊరుకున్నాను. తర్వాత చెట్లు మొదలయ్యాయి. ఎరుపు, పసుపు, కాషాయం. బాగున్నాయి. లేదని ఎట్లా అంటాను? కానీ మనసు అలిసి ఉంటే కంటి ముందు పూలతోట పెట్టినా అది తుడవాల్సిన గచ్చులాగే కనబడుతుంది. ఆ రాలిన ఆకులన్నీ ఎవరు ఊడుస్తారా అనుకున్నాను.

గైడ్ మాత్రం ఆపలేదు. తెల్ల గడ్డం, ఆకుపచ్చ టోపీ. ఐర్లాండ్ అని మాటిమాటికీ అంటున్నాడు. వదినగారు ఒక కునుకుకీ ఇంకో కునుకుకీ మధ్య కళ్ళు తెరిచి చెప్పింది.

"వాళ్ళ తాతముత్తాతలు ఐర్లాండ్‌కెల్లి ఈ గుట్టలకొచ్చిన్రట. అక్కడ గిట్లనే పచ్చగ, మంచు కమ్ముకుని ఉంటదట. పొలాల నడుమ రాతి గోడలు, గొర్లు. గందుకే ఈడ ఆగిపోయిన్రట."

ముందు సీట్లోంచి ఎవరో ఏదో అడిగారు. బస్సంతా నవ్వింది.

"ఏమిటట?"

"నువ్వు ఎన్నిసార్లు పోయినవ్ అక్కడికి అని అడిగిండు. ఒక్కసారి గూడ పోలేదట." అని చెప్పి మళ్ళీ కళ్ళు మూసుకుంది.

చూడని ఊరి గురించి మూడు గంటలు మాట్లాడాడు ఆ మనిషి. మా పసిదానికి నేను ఒంగోలు గురించి చెప్పినట్టు కూడా లేదు అది. నేను చూసిన ఊరి గురించే చెబుతాను. ఈ ఆర్నెల్లలో అది కూడా చూడని ఊరులాగే అయిపోయింది.

బస్సు మలుపులు తిరుగుతూ పైకెక్కింది. అందరికీ చూపించాల్సిన చోటు అదేనట. దిగాం. కర్రతో కట్టిన అడ్డుగోడ, దాని అవతల లోయ ఉండాలి. లేదు. మంచు. అన్నం గిన్నె మూత తీస్తే ముఖాన కొట్టే ఆవిరిలాగా తెల్లగా ఉంది. చల్లగా ఉండటమే తేడా. గైడ్ చెయ్యి చాపి, ఇటు ఫలానా కొండ, అటు ఫలానా కొండ అని ఆవిరిలోకి చూపిస్తున్నాడు. అందరూ ఫోన్లెత్తి ఆ తెల్లదనాన్నే ఫొటోలు తీసుకుంటున్నారు. వదినగారు అడ్డుగోడ పట్టుకుని నిలబడింది.

"ఏమన్న కనవడుతుందా ఒదినె?"

"ఏమీ లేదు. ఉందని చెబుతున్నాడు, నమ్మాలి."

బస్సులో తినకూడదని ముందే చెప్పారు. అక్కడే చెట్ల కింద చెక్క బల్లలు ఉంటే ఒకదాని మీద తువ్వాలు పరిచి క్యారేజీ విప్పాను. పులిహోర, పెరుగన్నం, ఊరమిరపకాయలు. పులిహోర గిన్నె ఆవిడ ముందుకి జరిపాను. మూత బిగుసుకుంది. ఆవిడ ఎడమ చేత్తో తిప్పడానికి చూసింది. కుడిచెయ్యి శాలువా లోపలే ఉంది.

నేను తీసి పెట్టాను. ఆవిడ బ్యాగులోంచి చెంచా తీసి, ఎడమ చేత్తో పట్టుకుని తినడం మొదలుపెట్టింది.

ఎడమ చేత్తో. ఎవరి ముందు కాకపోయినా వియ్యాలవారి ముందు, వాళ్ళు కలిపి తెచ్చిన అన్నం. నాకు ముద్ద నోట్లోనే ఆగిపోయింది. అప్పుడు ఒక్కొక్కటే కలిసింది. ఇంట్లో ఈ నాలుగు రోజులూ ఆవిడ మాతో కూర్చుని తినలేదు. "నాకు ఆకలైతలేదు, ఎనుక తింట" అనేది. మేమందరం లేచాక, వంటింట్లో దీపం తీసేశాక తినేది. మడి అనుకున్నాను. మగపిల్లవాడి తల్లి బెట్టు అనుకున్నాను.

"ఆ చెయ్యి ఏమైంది వదినగారూ?"

"ఏంగాలె. సలికి కొంచెం పట్టింది."

"చలి ఈ పొద్దున వచ్చింది. మీరు నాలుగు రోజుల నుంచీ చీకట్లో తింటున్నారు. చెయ్యి చూపించండి."

నేను ఇట్లాగే మాట్లాడతాను. మెత్తగా అడగడం నాకు రాదు. ఆవిడ కాసేపు చెంచా వైపు చూసింది. తర్వాత శాలువా పక్కకి తీసి చెయ్యి బల్ల మీద పెట్టింది. పెట్టిన చోటే ఉంది అది. వేళ్ళు కొద్దిగా ముడుచుకుని, గాలికి కదిలినట్టు సన్నగా వణుకుతున్నాయి.

"ఈడికి రాకముందు ఒకనాడు పొద్దుగాల లేసి జూస్తె చెయ్యి నాది గానట్టున్నది. డాక్టర్ చిన్న స్ట్రోక్ అన్నడు. గోళీలు ఏసుకుంటున్న. తగ్గుతుంది. చాక్‌పీస్ వట్టిన చెయ్యి, గింత తొందరగ పోతదా?"

"అల్లుడికి చెప్పారా?"

"చెప్తె రానిస్తడా?"

"ఈ చేత్తో పసిదాన్ని ఎత్తుకుంటానని విమానం ఎక్కి వచ్చారా?"

"ఎత్తుకుంటలేను గద! గందుకే పక్కన కూసోవెట్టుమంటున్న. ఎత్తుకుంటె యాడ జారిపోతదో అని నాకు నిద్ర గూడ పడ్తలేదు. అందరు పొద్దంత నిద్రపోతుంది అనుకుంటున్నరు. రాత్రంత మేలుకునుంటె పొద్దున నిద్ర రాదా?" ఆవిడ గొంతు పైకి లేచింది. పక్క బల్ల దగ్గర శాండ్‌విచ్ తింటున్నవాళ్ళు తల తిప్పి, మర్యాదగా మళ్ళీ తిప్పేసుకున్నారు. "పోయినసారి మీరే ఉన్నరు. మళ్ళ మీరే. మా దిక్కు ఏమంటున్నరో ఎరికేనా? పోరి తల్లి అన్ని జేస్తున్నది, పోరని తల్లి ఫోన్‌ల సూసుకుంట కూసున్నది అని. నా కొడుకు నోరు దెరిసి అడిగిండు, అమ్మా, ఈసారన్న నువ్వు రావాలె అని. ఎట్ల రాకుండుంట?"

పెరుగన్నం డబ్బా మూత తీసి, వేసి, మళ్ళీ తీశాను.

"ఇంటికాడ ఏం జెప్పకుండ్రి ఒదినె. మీరు ఇంకో ఆర్నెల్లు ఉంటరట గద. కోడలు మీతోని అంటుంటె ఇన్న. మీరుంటె ఏ బాధ లేదు. మీరు ఎత్తుకోండ్రి, నేను కథలు జెప్త."

"బాగుంది. నేను మొయ్యాలి, మీరు కథలు చెప్పాలి. పేరు మాత్రం నానమ్మ పెంచిందని."

"గంత మాటనకుండ్రి."

"అంటాను. నాకు మాత్రం నడుము లేదా? పొద్దున మంచం దిగడానికి గోడ పట్టుకుంటున్నాను. నా కొట్టు ఎవరి చేతుల్లోనో పెట్టి వచ్చాను. నేను ఉండను వదినగారూ. నా వల్ల కాదు."

నా చెవితో నేను ఆ మాట వినడం అదే మొదటిసారి. ఆర్నెల్లుగా నోటి చివర దాకా వచ్చి మింగేసిన మాట. వచ్చాక తేలిగ్గా ఏమీ అనిపించలేదు. ఇంకా అలసిపోయినట్టు అనిపించింది.

ఆవిడ ఎడమ చేత్తో ఆ చెయ్యిని మళ్ళీ శాలువా లోపలికి జరుపుకుంది. తర్వాత అడిగింది. "మరి పిల్లను ఎవలు జూస్తరు?"

"కన్నవాళ్ళు చూస్తారు. ఇక్కడ డే కేర్లు లేవా?"

"డే కేర్‌ల ఏస్తె సర్ది జేస్తదట."

"చేస్తుంది. తగ్గుతుంది కూడా."

మంచు అట్లాగే ఉంది. గైడ్ దూరం నుంచి చేతులు ఊపుతూ అందరినీ పిలుస్తున్నాడు. మిగిలిన పులిహోర మూత పెట్టాను. ఆవిడ తువ్వాలు మడవబోయి, ఒక చేత్తో కుదరక, వదిలేసింది. నేను మడిచాను. మడుస్తున్నప్పుడు తెలిసింది నాకు, అమ్మాయి అడిగిన తూకం అయిపోయిందని. ఆవిడ తూగలేదు. నిజం చెబితే నన్ను ఉండమంటారు. చెప్పకపోతే ఆ వణికే చేతిలో పసిదాన్ని పెట్టి నేను విమానం ఎక్కాలి. రెండిట్లో ఏదీ నా వల్ల కాదు.

తిరుగు దారిలో కొండ దిగగానే ఎండ వచ్చింది. మేము నిలబడ్డ చోటు వెనక్కి తిరిగి చూస్తే ఇప్పుడు తేటగా మెరుస్తోంది. బస్సంతా అయ్యో అంది. గైడ్ క్షమించమన్నాడు, ఎండ ఆలస్యం తనదే అయినట్టు. నేను చూస్తూ చూస్తూనే నిద్రపోయాను. ఎంతసేపు పోయానో తెలియదు. లేచేసరికి నా తల వదినగారి భుజం మీద ఉంది. నా నోటి నుంచి కారిన తడి ఆవిడ శాలువా మీద ఉంది. ఆవిడ కదలకుండా నిటారుగా కూర్చుని ఉంది.

"లేపాల్సింది" అన్నాను తుడుస్తూ.

"మీరు గురక వెట్టిన్రు ఒదినె. ఆ ముంగటి వరుస దాక ఇనవడ్డది. అందరు ఎనుకకు తిరిగి సూసిన్రు."

"మీ కుడి భుజమేగా. నొప్పి పుట్టలేదా?"

"దానికి తెలుస్తలేదు గద, ఆనుకోనిచ్చిన." కిటికీలోంచి చూస్తూనే అంది. "నాకన్న మీరే ఎక్కువ అలిసిన్రు. నేను కొత్తగ పడిపోయిన్న. మీరు నిలవడే పడిపోయిన్రు."

నేను కళ్ళజోడు తుడుచుకుని పెట్టుకున్నాను.

"ఒక మాట. నా ముచ్చట మీరు జెప్పకుండ్రి, నేనే జెప్త. గని మీ ముచ్చట ముందుగాల మీరు జెప్పాలె. నేను ముందు జెప్పిన్ననుకో, మీరు ఆగిపోతరు. పిల్ల మొగం జూసి ఆగిపోతరు. నాకెరికే."

టీచరు అనిపించుకుంది అప్పుడు. సరేనన్నాను.

పార్కింగ్‌లో అల్లుడు కారు పెట్టుకుని ఉన్నాడు. మేము ఎక్కగానే "ట్రిప్ ఎట్లయింది అత్తమ్మా? వ్యూ మంచిగుందా?" అని అడిగాడు.

"మంచు తప్ప ఏమీ కనబడలేదు నాయనా" అన్నాను. బెల్టు పెట్టుకున్నాను. ఇంటిదాకా ఆగితే అమ్మాయి ముఖం, పసిదాని ముఖం కనబడతాయి. "వచ్చే వారం నేను వెళ్తున్నాను. ఎక్స్‌టెన్షన్ వద్దు. లాయర్‌కి చెప్పక్కర్లేదు."

అతనికి ఎక్స్‌టెన్షన్ మాటే తెలియదు. అద్దంలోంచి నన్ను చూశాడు. "ఎక్స్‌టెన్షనా? అదెందుకు? అమ్మ వచ్చింది కద."

"నాతోని గాదు బిడ్డా" అంది వదినగారు ముందు సీట్లోంచి.

"ఏంది నీతోని గాంది?"

ఆవిడ ఎడమ చేత్తో తన కుడిచెయ్యి ఎత్తి, గేరు పక్కన, అతనికి కనబడేటట్టు పెట్టింది. ఏమీ చెప్పలేదు. అతను ఒక పెట్రోలు బంకులోకి తిప్పి కారు ఆపాడు. ఆ చేతిని తన రెండు చేతుల్లోకి తీసుకున్నాడు. వేళ్ళు విప్పడానికి చూశాడు, అవి మళ్ళీ ముడుచుకున్నాయి.

"ఎప్పటి సంది?" అన్నాడు.

"ఇంటికాడ జెప్త. బండి నడుపు. పిల్ల ఏడుస్తుండొచ్చు."

అతను నడపలేదు. నేను కిటికీలోంచి పెట్రోలు ధరల బోర్డు చూస్తూ ఉండిపోయాను. వెలుగుతున్న అంకెలు, అవి మాత్రం కదలకుండా నిలబడ్డాయి.

ఇంట్లో అమ్మాయి అంత మెత్తగా తీసుకోలేదు. "అంటే నేను జాబ్ మానేయాలా? జాబ్ పోతే నా వీసా ఏమవుతుందో తెలుసా నీకు? నా ఫ్రెండ్స్ అందరికీ అమ్మలు ఉంటున్నారు. నువ్వు కూరల కొట్టు కోసం వెళ్తావా?" అంది.

"అవును. కూరల కొట్టు కోసమే వెళ్తాను. నువ్వు నీ జాబ్ కోసం ఉన్నట్టే" అన్నాను.

అది రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మాట్లాడకపోయినా డే కేర్లకి ఫోన్లు చేసింది. ఒకచోట ఖాళీ దొరికింది. బుధవారం పొద్దున పసిదానికి చిన్న బ్యాగు తగిలించి, దాని కళ్ళకి ఇంత కాటుక పెట్టి, తండ్రి ఎత్తుకుని వెళ్ళాడు. అది వెనక్కి తిరిగి మమ్మల్ని చూసి ఏడ్చింది. అది పట్టించుకోవాల్సిన ఏడుపే. నాకు తెలుసు. మేమిద్దరం గుమ్మంలో నిలబడ్డాం. కారు మలుపు తిరిగాక వదినగారు "ఇప్పుడేం జేద్దాం?" అంది. ఏమీ చేయలేదు. ఇద్దరం సోఫాలో చెరో మూల పడుకుని నిద్రపోయాం. సాయంత్రం పసిది ముక్కు కార్చుకుంటూ వచ్చింది. అమ్మాయి నా వైపు చూసింది. నేను రసం పెట్టాను.

అల్లుడు తల్లిని ఇక్కడి డాక్టరుకి చూపించాడు. మందులు సరిగ్గా వాడుతూ చేతికి వ్యాయామం చేయించాలి, ఇంటి దగ్గరైతే నయం అన్నారట. ఆవిడ టిక్కెట్టు మార్చి నా టిక్కెట్టుతో కలిపాడు. బయల్దేరేటప్పుడు అమ్మాయి నా మెడ పట్టుకుని, "మళ్ళీ ఎప్పుడొస్తావ్?" అంది. "బాగా నిద్రపోయాక" అన్నాను. అది నవ్వలేదు. నేనూ నవ్వించడానికి అనలేదు.

విమానంలో మా సీట్లకి నంబర్లున్నాయి, ఎవరూ ఎత్తుకుపోరు. అయినా నేను బ్యాగు పైన పెడుతుంటే వదినగారు నా చేతి సంచిలోంచి తువ్వాలు లాగి, ఎడమ చేత్తో విదిలించి, కిటికీ పక్క సీటు మీద పరిచింది.

"కూసోండ్రి."

"మగపెళ్ళివారు, మీరు కూర్చోవాలి" అన్నాను అలవాటు కొద్దీ.

"గా పెండ్లి అయి ఆరేండ్లాయె. ఇంక ఎన్నొద్దులు ఒదినె, మనం గీ ఆట ఆడేది? కూసోండ్రి, నాకు కాళ్ళు గుంజుతున్నయ్."

ఇంకోసారి వద్దనాలి. పద్ధతి ప్రకారం కనీసం మూడుసార్లు అనాలి. నాకు ఓపిక లేదు. వెళ్ళి తువ్వాలు మీద కూర్చుని, తల అద్దానికి ఆనించాను. విమానం ఎప్పుడు లేచిందో నాకు తెలియదు.